చివర నుంచి చదివిన డిక్షనరీ

పొద్దున్న నా మనవరాలు హాల్లో నేల మీద బోర్లా పడుకుని ఫోనుతో కుస్తీ పడుతోంది. బడిలో ఏదో పోటీ ఉందట. ఎవరూ వాడని, ఎవరికీ తెలియని ఇంగ్లీషు మాటలు ఇస్తారట. వాటిని సరిగ్గా పలికి అర్థం చెప్పాలి. అది ఒక్కో మాట టైపు చేస్తే ఫోనులోంచి ఒక దొరసాని గొంతు దాన్ని రెండేసి సార్లు పలుకుతోంది. నేను పక్కన కూర్చుని చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తున్నాను.

"అలిజ్" అంది దొరసాని.

పిల్ల అర్థం కోసం కిందకు జరపబోయింది. నా నోరు ఊరుకోలేదు. "డబ్బాలో నూనె నిండకుండా పైన మిగిలిపోతుందే ఖాళీ, అది. వెలితి" అన్నాను.

అది ఫోను వంక చూసింది, నా వంక చూసింది. "అమ్మమ్మా! మా టీచరుకే తెలీదు ఇది. నీకెలా తెలుసు?"

"జీలకర్ర పొట్లంలో వచ్చింది" అన్నాను.

వెటకారం ఆడుతున్నాననుకుని మూతి ముడుచుకుంది. వాళ్ళమ్మకు ఎచ్చెర్లలో యూనివర్సిటీ ఉద్యోగం, ఇంటి నిండా పుస్తకాలే. జీలకర్ర ప్లాస్టిక్ కవర్లో వస్తుంది తప్ప కాగితంలో వస్తుందని ఆ పిల్లకు తెలియదు. నేను మాత్రం ఉన్నమాటే చెప్పాను. ఆ తరవాత చిక్కుడుకాయ ముక్కలు బుట్టలో వేసి ఈనెలు గిన్నెలో వేయాల్సింది, ఈనెలు బుట్టలోనూ ముక్కలు గిన్నెలోనూ వేశాను.

మాది నెల్లిమర్లలో కిరాణా కొట్టు. జూట్ మిల్లుకు వెళ్ళే దారిలో ఉండేది. ముందు కొట్టు, వెనక ఇల్లు. ఇంట్లో ఎక్కడ కూర్చున్నా రెండు వాసనలు తప్పేవి కావు. గాలి మిల్లు వైపు నుంచి వస్తే తడి గోగునార వాసన, కొట్టు వైపు నుంచి వస్తే ఇంగువ, ఎండుమిరప, పాత బెల్లం కలిసిన వాసన. నా పరికిణీకి, పుస్తకాల సంచికి, ఆఖరికి నేను తినే అన్నానికి కూడా ఆ వాసనే. బడిలో నా పక్కన కూర్చునే పిల్ల నన్ను 'ఇంగువ' అనే పిలిచేది. ఇప్పుడు ఎవరైనా అలా పిలిస్తే బాగుండుననిపిస్తుంది.

కొట్టు తాతది, అంటే నాన్నకు నాన్నది. నాన్న మిల్లులో పని చేసేవాడు. కొట్టు వెనక గదిలో పొట్లాలు కట్టేది మావ. మావ అంటే అమ్మకు ఒక్కగానొక్క తమ్ముడు. తల్లీ తండ్రీ పోయాక అక్క దగ్గరే ఉండిపోయాడు. ఎస్సెల్సీ ఫస్టు క్లాసులో పాసయ్యాడు, చేతిరాత ముత్యాల్లా ఉండేది. కానీ మావకు నత్తి. అదేదో ముద్దుగా ఉండే నత్తి కాదు. మాట గొంతులో పడి, బురదలో బండిచక్రంలా అక్కడే తిరిగేది. మెడ నరాలు ఉబ్బేవి, కళ్ళలో నీళ్ళొచ్చేవి. ఒక ఉద్యోగానికి ఇంటర్వ్యూకు వెళ్ళి, ఎదురుగా కూర్చున్న పెద్దమనుషులకు తన పేరు చెప్పలేక లేచి వచ్చేశాడు. ఆ తరవాత మరో దానికి అర్జీ పెట్టలేదు.

తాత చెడ్డవాడు కాడు. అన్నం దగ్గర మావకు ఏనాడూ తక్కువ చేయలేదు. పనసపొట్టు కూరలో ఆవ ఘాటు సరిపోయిందో లేదో మావ తిన్నాకే అడిగేవాడు. కానీ నోరు ఊరుకునేది కాదు. "అంగట్లో అన్నీ ఉన్నాయి, అల్లుడి నోట్లో శని ఉన్నాదన్నట్టు, ఈడు అల్లుడు కాకపోయినా శని మాత్రం ఉన్నాదర్రా" అని వచ్చినవాళ్ళందరితో అనేవాడు. వాళ్ళు నవ్వేవారు. లోపల పొట్లం కడుతున్న మావ చేతులు ఒక్క క్షణం ఆగి, మళ్ళీ కదిలేవి. అమ్మ పొయ్యి దగ్గర గిన్నెలు కాస్త గట్టిగా పెట్టేది. అంతకుమించి మామగారిని ఎదిరించే రోజులు కావవి.

పొట్లాలకు పాత కాగితాలు తాత విజయనగరం నుంచి తెచ్చేవాడు. అలా ఒకసారి, ఎండలు ముదిరినప్పుడు, ఎవరిదో పాత ఇంట్లోంచి వచ్చిన కాగితాల మూటలో అట్టలేని లావుపాటి పుస్తకం ఒకటి వచ్చింది. దిండంత ఉంది. ఇంగ్లీషు డిక్షనరీ. కాగితం పల్చన, చింతపండుకూ బెల్లానికీ పనికిరాదు. జీలకర్ర, మిరియాలు, ఇంగువ, కర్పూరం లాంటి చిన్న పొట్లాలకు బాగుంటుందని తాత పక్కన పెట్టాడు.

మా కొట్లో కాగితం చింపడానికి ఒక పద్ధతి ఉండేది. ఏ పుస్తకాన్నీ ముందు నుంచి చింపకూడదు. కాగితం సరస్వతి. కడుపు కోసం చింపక తప్పదు కాబట్టి వెనక నుంచి చింపుతూ రావాలి, మొదటి పేజీ మాత్రం ఎప్పటికీ చింపకూడదు. ఆ పేజీని తాత ఊడదీసి పూజగదిలో పెట్టేవాడు. దసరాకు దానికి పసుపు, కుంకుమ బొట్లు పెట్టేవాడు. అది లెక్కల పుస్తకమైనా, మందుల కంపెనీ పుస్తకమైనా అంతే. మా సరస్వతీదేవి పక్కన అరికాలి పగుళ్ళకు పూసే మందు తాలూకు పేజీ ఒకటి చాలా ఏళ్ళు పూజలందుకుంది.

కాబట్టి ఆ డిక్షనరీ 'జెడ్' నుంచి మొదలైంది.

మావ ప్రతి పేజీనీ చింపే ముందు చదివేవాడు. మొదట్లో నేను గమనించలేదు. ఒకరోజు బడి నుంచి వచ్చి బెల్లంముక్క కోసం వెనక గదిలోకి వెళితే, మావ గోడ వైపు తిరిగి ఎవరితోనో మాట్లాడుతున్నాడు. ఎవరూ లేరు. "జెఫర్" అన్నాడు. "జీబెక్" అన్నాడు. గంట కొట్టినంత స్పష్టంగా ఉంది. ఎక్కడా ఆగలేదు, తడబడలేదు. నేను బెల్లం సంగతి మరిచిపోయాను.

"మావా! నీకు మాటొచ్చీసినాది!" అని అరిచాను.

మావ ఉలిక్కిపడి నా నోరు మూశాడు. ఆ తరవాత నాతో, మెల్లిగా, ఆగి ఆగి, ఒక్కో ముక్కా గొంతులోంచి లాగుతూ చెప్పాడు. నాతో మాట్లాడేటప్పుడు నత్తి కాస్త తగ్గేది. ఆ తడబాట్లన్నీ తీసేసి రాస్తున్నాను.

"తెలుగు మాట తప్పు పలికితే అందరూ నవ్వుతారే గుంటా. ఈ మాట తప్పు పలికినా ఎవులికి తెలుస్తాది? భయం నేదు. భయం నేకపోతే నోరు తిరుగుతాది."

జెఫర్ అంటే పడమటి నుంచి వచ్చే మెత్తటి గాలి అనీ, జీబెక్ అంటే మూడు తెరచాపల ఓడ అనీ చెప్పాడు. పలకడం ఎలా తెలిసిందని అడిగితే, ప్రతి మాట పక్కనా తలకిందులైన అక్షరాలు, గీతలు ఉంటాయనీ, వాటిని ఎలా చదవాలో మొదటి పేజీలో రాసి ఉందనీ అన్నాడు. ఆ పేజీ పూజగదిలో ఉంది. మావ స్నానం చేసి, మడి పంచె కట్టుకుని, తాత చూడని సమయంలో దేవుడి ముందు కూర్చుని దాన్ని తన కాగితం మీదకు ఎత్తి రాసుకున్నాడు. మా అమ్మ అది చూసి తమ్ముడికి భక్తి ముదిరిందని సంబరపడింది.

ఆ ఎండాకాలమంతా నా పని అదే. బడి లేదు. పొట్లాలకు పురికొస ముక్కలు కోసి ఇస్తూ మావ చెప్పే మాటలు వినడం. వై అక్షరంతో మొదలైనా 'ఇ' అని పలకాల్సినవి కొన్ని. రాత ఒకటీ పలుకు ఒకటీ అయినవి కొన్ని. నేను తప్పు పలికితే మావ నవ్వేవాడు. ఒకరి తప్పుకు తాను నవ్వడం మావకు కొత్త. కడుపుబ్బా నవ్వి, నవ్వినందుకు నాకు పటికబెల్లం పెట్టేవాడు.

ఇంకో సంగతి నేనే కనిపెట్టాను. ఇంగ్లీషు మాట ఒకటి పలికిన వెంటనే తెలుగు మాట కూడా సాఫీగా వచ్చేసేది. గట్టు మీంచి ఊపుగా దిగితే కాలవ దాటేసినట్టు. "విడర్షిన్స్, అక్కా, మంచినీళ్ళు ఇయ్యి" అన్నాడు ఒక మధ్యాహ్నం. అమ్మ చేతిలో చెంబు అలాగే ఉండిపోయింది. మంచినీళ్ళు ఇయ్యలేదు. కొంగు నోట్లో కుక్కుకుని పెరట్లోకి వెళ్ళిపోయింది.

తొలకరి నాటికి మావ కొట్టు ముందు పీట మీద కూర్చున్నాడు. తాతకు కళ్ళు మసకబారాయి. ఎవరో ఒకరు కూర్చోక తప్పదు. "ఏదో సూద్దాం" అన్నాడు తాత, మొహం పక్కకు తిప్పుకుని. మొదటి రోజు మిల్లు కూలీల ఇళ్ళ లైన్లోంచి వచ్చిన ఒకావిడ జీలకర్ర అడిగింది. మావ పేజీని నాలుగు ముక్కలు చేసి, ఒక ముక్క తీసుకుని, చూసి, "వెస్పర్టైన్. సాయంకాలం పూసే పువ్వు. ఎంత కావాల, అప్పా?" అన్నాడు. ఆవిడ దిమ్మెరపోయింది. జీలకర్ర తీసుకుని, నాలుగడుగులు వేసి, వెనక్కి వచ్చి, "ఏటన్నావు బాబూ, మళ్ళా ఓపాలి అను" అంది.

అంతే. నెల తిరిగేసరికి మా కొట్లో సరుకుతోపాటు మాట కూడా ఇవ్వాల్సిందే. "ఈరోజు నా మాటేటి?" అని అడిగి మరీ తీసుకునేవారు. ఒక పొట్లానికి ఒక మాట. ఇచ్చిన మాట మళ్ళీ ఇంకొకరికి ఇవ్వడు. అది మావ నియమం. ఎవరైనా మరిచిపోయి వస్తే, "అది మీ ఇంట్లోనే ఉన్నాది, పొట్లం సూసుకోండి" అనేవాడు. కుళాయి దగ్గర ఆడవాళ్ళ కబుర్లు నాకు ఇప్పటికీ వినబడతాయి.

"నాకు విడర్షిన్సు తరవాతది ఒచ్చినాదే, నీకేటొచ్చినాది?"

"ఆ విడర్షిన్సు మా ఆడపడుచుకి సెప్పాలి. గుడి సుట్టూ ఎడంపక్క నుంచి తిరగడమంట. ఆవిడ ఏ పని సేసినా అదే కదా!"

"మొన్న మిరియాలతో ఒకటి ఇచ్చినాడు. స్టెర్న్యుటేషనంట. తుమ్మంట. పొట్లం ఇప్పగానే ఒచ్చినాది, మాట కాదే, తుమ్ము!"

తాత కొట్టు అరుగు మీద కూర్చుని ఇదంతా వినేవాడు. పైకి ఏమీ అనలేదు. శని సామెత మాత్రం మానేశాడు. నాకు అలిజ్ ఆ రోజుల్లోనే వచ్చింది. అమ్మ పోపుకు జీలకర్ర తెమ్మంటే వెళ్ళాను. మావ నూనె డబ్బా మూత తీసి, లోపల చెయ్యి పెట్టి చూపించాడు. "ఇదిగో, నూనె ఇక్కడికి ఉన్నాది. మూత ఇక్కడున్నాది. ఈ మద్దిన ఉన్నదేటి? ఏటీ నేదు. దానికీ ఒక పేరున్నాది సూసేవా. అలిజ్." నేను ఆ పొట్లం కాగితాన్ని లెక్కల పుస్తకంలో పెట్టుకున్నాను.

పుస్తకం తరుగుతూ వచ్చింది. దిండంత ఉన్నది ఇటుకంత అయింది, వర్షాలు ముదిరేసరికి అరచేతి మందానికి వచ్చింది. నాకు దిగులు పట్టుకుంది. అన్నం తింటున్నా అదే ధ్యాస. ఆగలేక ఒకరోజు అడిగేశాను.

"మావా, పుస్తకం అయిపోతే ఏటి సేస్తావు?"

మావ నవ్వాడు. "కాలు ఇరిగినోడు కర్ర పట్టుకుని నడుస్తాడా? నడిసి నడిసి కాలు గట్టిపడ్డాక కర్ర గోడకి ఆనించీస్తాడు. నాను 'ఎ' కాడికి ఒచ్చీసరికి నాకీ కర్ర అక్కర్నేదే గుంటా. సూస్తుండు."

ఆయన నమ్మాడు. నేను నమ్మలేదు. నా పాపమంతా ఆ ఒక్క ముక్కలో ఉంది.

దసరాకు పర్లాకిమిడి నుంచి తాత బావమరిది వచ్చాడు. ఆయనకు అక్కడ ధాన్యం గొడౌను ఉంది. బస్తాలు దించేటప్పుడు, ఎత్తేటప్పుడు కాపలా ఉండే నమ్మకమైన మనిషి కావాలి. నోటితో పనిలేని కొలువు. మావను పంపమని ఏడాదిగా అడుగుతున్నాడు. అరుగు మీద కూర్చుని వాళ్ళిద్దరూ మాట్లాడుకుంటుంటే నేను తలుపు చాటున విన్నాను.

"ఈ నాలుగు రోజులూ రద్దీ, బావా. ఆడు ముందు కూకుని జనానికి జవాబు సెప్పుకోగలిగితే ఇక్కడే ఉంటాడు. కొట్టు ఆడికే అప్పగిస్తాను. ఇంటి మడిసే కదా. నేకపోతే నీతో తీసుకుపో" అన్నాడు తాత. "మడిసి మంచోడే. గానీ కొట్టన్నాక నోరుండాల."

నేను వెనక గదిలోకి పరిగెత్తి పుస్తకం చూశాను. 'డి' దగ్గర ఉంది. దసరా రద్దీలో కర్పూరం, సాంబ్రాణి, పసుపు, కుంకుమ, అన్నీ చిన్న పొట్లాలే. పండగ కాకుండానే పుస్తకం అయిపోతుంది. పండగ దాటాక మావ ఏం మాట్లాడతాడు? నా పదేళ్ళ బుర్రకు తోచిందల్లా ఇది: నాలుగు రోజులకు సరిపడా కొన్ని పేజీలు ఉంచి, మిగిలింది దాచేయాలి. పండగ అయ్యాక కొంచెం కొంచెంగా తీసి పెట్టాలి. పుస్తకం ఎప్పటికీ అయిపోకూడదు. నా జడకున్న ఎర్ర రిబ్బను విప్పి ఆ కట్టను చుట్టి, నాకు వచ్చిన ముడి ఒక్కటే, బడికి వెళ్ళేటప్పుడు వేసుకునే సీతాకోకచిలుక ముడి, అది వేశాను. నిచ్చెనెక్కి అటక మీద పాత తూనికరాళ్ళ పెట్టె వెనక పెట్టాను. దిగి వచ్చాక నాకు నేనే ఎంతో తెలివైనదానిలా అనిపించాను.

రిబ్బను ఏదని అమ్మ అడిగింది. పోయిందన్నాను. "నిన్నగాక మొన్న కొన్నది!" అని రెండు వడ్డించి, పొట్లాలు కట్టే పురికొస ముక్కతో జడ కట్టింది. "దొరికీదాకా ఇదే నీకు రిబ్బను."

మర్నాడు పొద్దున్నే జనం. మావ స్నానానికి వెళ్ళిన కాసేపట్లోనే, ఆత్రం ఆగక, తాత తనే కర్పూరం పొట్లాలు కట్టేశాడు. మసక కళ్ళు. వెనక నుంచి చింపే చెయ్యి. నేను నాలుగు రోజులకని ఉంచిన పేజీలు నాలుగు గడియలు కూడా ఉండలేదు. మావ తల తుడుచుకుంటూ వచ్చి పీట మీద కూర్చున్నాడు. ఎదురుగా పదిమంది. అరుగు మీద పర్లాకిమిడి ఆయన. మొదటి ఆవిడ నవ్వుతూ అడిగింది, "బాబూ, పండగ మాట. మంచిది సూసి ఇయ్యాల."

మావ చెయ్యి వెనక్కి వెళ్ళింది. అక్కడ ఏమీ తగల్లేదు. తిరిగి చూశాడు. కిందకు వంగి చూశాడు. పీట జరిపి చూశాడు.

"పు... పు... పు..."

నేను ఆయన పక్కకు చేరి చెవిలో అన్నాను. "మావా, పాత మాట సెప్పీ. అలిజ్ సెప్పీ." ఆయన ప్రయత్నించాడు. "అ... అ..." దగ్గరే ఆగిపోయాడు. ఎందుకో నాకు చాలా ఏళ్ళకు అర్థమైంది. ఆ మాట ఇప్పుడు పరాయి మాట కాదు. నేనే అందరికీ చెప్పుకుని తిరగడంతో వీధివీధంతా ఎరిగిన మాట. తప్పితే నవ్వుతారు. జెడ్ నుంచి డి దాకా తన మాటలన్నీ ఆయన చేజేతులా జనానికి ఇచ్చేశాడు, జనమేమో వాటిని శ్రద్ధగా నేర్చేసుకున్నారు.

మెడ నరాలు ఉబ్బాయి. ఎవరో కుర్రాడు వెనక నుంచి "అ... అ... అ..." అని అనుకరించాడు. ఇద్దరు ముగ్గురు నవ్వారు. మిగిలినవాళ్ళు నవ్వలేదు, తల దించుకున్నారు. అది మరీ ఘోరంగా ఉంది. తాత లేచి గర్జించాడు. "ఎవుల్రా ఆ పుస్తకం తీసింది? ఎవులు తీసినా సెయ్యి ఇరిసీగలను!"

అప్పటికే వెనక గదిలోకి పరిగెత్తాను, నా చెయ్యి నిచ్చెన మీద ఉంది. మూడు మెట్లు ఎక్కితే చాలు. కట్ట తెచ్చి మావ ఒళ్ళో పడేస్తే చాలు. తాత రెండు తగిలించేవాడు, సాయంత్రానికి మరిచిపోయేవాడు. నేను ఎక్కలేదు. భయపడ్డాను. ఇన్నేళ్ళ తరవాత ఎన్ని పేర్లు పెట్టినా అది భయమే. నా నోట్లో నువ్వుగింజ నానదని అమ్మ ఎప్పుడూ తిట్టేది. ఈ ఒక్క మాట మాత్రం జన్మంతా నానింది.

మావ పీట మీంచి లేచాడు. జనం దారి ఇచ్చారు. లోపలికి వెళ్ళి, గోడ వైపు తిరిగి కూర్చున్నాడు. పండగ నాలుగు రోజులూ తాతే కూర్చుని, తూకాలు తప్పుతూ, అందరి మీదా కసురుకుంటూ నడిపించాడు. రాత్రి అన్నం దగ్గర పనసపొట్టు కూర గురించి ఎవరినీ ఏమీ అడగలేదు.

దశమి మర్నాడు మావ రేకుపెట్టె సర్దుకున్నాడు. అమ్మ అరిసెలు కట్టి ఇచ్చింది, కన్నీళ్ళతో తడిసిన చేతులతోనే. "సలికాలం ఒస్తాది, సెవులకి గుడ్డ కట్టుకో. ఆకలేస్తే అడుగు. అడగనేకపోతే పళ్ళెం ముందు కూకో, ఆళ్ళకే తెలుస్తాది" అంటోంది. మావ గుమ్మం దాటుతూ నా దగ్గర ఆగాడు. ఏదో అనబోయాడు. పెదవులు కదిలాయి. రాలేదు. నా జడ కొస పట్టుకుని, దానికున్న పురికొసను వేళ్ళతో ఒకసారి తడిమి, కాస్త నవ్వి, వెళ్ళిపోయాడు. రిబ్బను బదులు పురికొస ఉన్నందుకు నవ్వాడనుకున్నాను. నాకు ఉక్రోషం కూడా వచ్చింది.

బస్సు వెళ్ళిన చప్పుడు సద్దుమణిగాక నిచ్చెనెక్కాను. పర్లాకిమిడికి పార్సెల్లో పంపించేద్దామని నా ఎత్తు. తూనికరాళ్ళ పెట్టె వెనక ఏమీ లేదు. ఎలుకలు ఎత్తుకుపోయాయనుకున్నాను. అమ్మ పొయ్యి రాజేయడానికి తీసిందేమో అనుకున్నాను. అడిగితే దొరికిపోతానని అడగలేదు.

కుళాయి దగ్గర ఆడవాళ్ళు కొన్నాళ్ళు మాటలు చెప్పుకున్నారు. తరవాత పొట్లాలు చిరిగిపోయాయి, మాటలు పోయాయి. తాత పోయాడు, కొట్టు చేతులు మారింది. నేను పెళ్ళి చేసుకుని వెళ్ళిపోయాను. మావను పెళ్ళిళ్ళలో చూసేదాన్ని. పెళ్ళి చేసుకోలేదు. అడిగినవాటికి తల ఊపేవాడు, చేత్తో చూపించేవాడు. మాట పూర్తిగా మానేశాడు. ఓసారి శ్రీముఖలింగంలో ఎవరిదో పెళ్ళికి వెళితే, గుడి చుట్టూ ఇద్దరం తిరిగాం. ఒక పిల్లాడు ఎడమ వైపు నుంచి పరిగెత్తుకుంటూ ఎదురొచ్చాడు. నేను మావ వంక చూశాను. మావ నా వంక చూశాడు. ఇద్దరికీ అదే మాట గుర్తొచ్చింది. ఇప్పుడు చెప్పేయాలి అనుకున్నాను. "మావా, ఆ పుస్తకం..." అన్నాను. ఆయన చెయ్యి ఎత్తి, వద్దన్నట్టు ఊపి, ముందుకు నడిచాడు. పాత గాయం కెలకవద్దంటున్నాడనుకున్నాను.

నాలుగేళ్ళ కిందట పోయాడు. నేను వెళ్ళేసరికి అన్నీ అయిపోయాయి. గొడౌను ఇప్పుడు ఆ బావమరిది కొడుకుది. అతను మావ రేకుపెట్టె నా ముందు పెట్టాడు. రెండు పంచెలు, చెవులకు కట్టుకునే గుడ్డ, ఎస్సెల్సీ సర్టిఫికెట్టు. అడుగున కాగితాల కట్ట. దాని చుట్టూ రంగు వెలిసిన ఎర్ర రిబ్బను.

"ఆ కట్ట ఎవుల్నీ ముట్టనిచ్చీవోడు కాదమ్మా" అన్నాడు అతను. "ఏడాదికోపాలి దసరాకి దేవుడి కాడ ఎట్టి, బొట్టు ఎట్టి, మళ్ళా పెట్టిలో ఎట్టీసీవోడు. ఇప్పగా మేము సూడనేదు."

విప్పలేదు. నాకు తెలుసు. ఆ ముడి నాది. ఒక చెవి పెద్దదిగా, ఒక చెవి చిన్నదిగా, పదేళ్ళ పిల్ల తొందరలో వేసిన ముడి. ఎలా వేశానో అలాగే ఉంది. రేకుపెట్టె దించుకోవడానికి ఎక్కినప్పుడే మావ దాన్ని అటక మీద చూసి ఉంటాడు. రిబ్బను చూడగానే ఎవరి పనో తెలిసింది. కట్ట తీసుకెళ్ళి తాత ముందు పెడితే చాలు, తన తప్పు లేదని తేలేది, ఇంకొక్క అవకాశం దొరికేదేమో. చెప్పలేదు. నా చెయ్యి విరగకూడదని నోరు మూసుకుని వెళ్ళిపోయాడు. పురికొస తడిమినప్పుడు చెప్పిందీ అదే, గుడి దగ్గర చెయ్యి ఊపినప్పుడు చెప్పిందీ అదే. నాకే అర్థం కాలేదు. పుస్తకం అయిపోకూడదన్నది నా కోరిక. 'ఎ' దాకా చేరాలన్నది ఆయన కోరిక. ఆయన నా కోరికే తీర్చాడు.

ఒక్కసారి, ఒక్క మాట నన్ను తిట్టి ఉంటే బాగుండేది. తిట్టడానికైనా నోట్లో మాట ఉండాలి కదా. అది నేనే కదా తీసి అటక మీద పెట్టింది.

మనవరాలు ఫోను కట్టేసి వచ్చి, నా బీరువాలో దేనికోసమో వెతుకుతూ ఆ కట్ట బయటకు తీసింది. "అమ్మమ్మా, ఇదేంటి? ముడి విప్పనా?"

దాని చేతిలోంచి తీసుకున్నాను. నేను కట్టిన ముడి, నేనే విప్పాలి అన్నాను. ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాను. ఇంకా ఇంగువ వాసన వస్తోంది. పిల్ల ఎదురుగా బాసింపట్టు వేసుకుని ఎదురుచూసింది, కాసేపటికి విసుగొచ్చి లేచి వెళ్ళిపోయింది. ముడి విప్పకుండానే ఆ కాగితాల కట్టను మళ్ళీ బీరువాలో పెట్టేశాను.